గొంతే ఆస్తి అయినావిడ మూకీ సినిమాకు ఎందుకు వెళ్లింది?

(పద్యనాటకాల్లో చంద్రమతిగా, సినిమాల్లో అమ్మగా, పక్కింటి పిన్నిగా కనిపించిన కర్నూలు కళాకారిణి పాఠకుల ఉత్తరాలకు ఇస్తున్న జవాబులు.)

నంద్యాల నుంచి ఒక డిగ్రీ విద్యార్థిని: పెద్దమ్మా, పాత సినిమాల గురించి చదువుతుంటే రాకెల్ మెల్లెర్ అనే స్పెయిన్ గాయని పేరు కనబడింది. స్టేజీ పాటలతో యూరప్ అంతా పేరు తెచ్చుకున్న మనిషి, సినిమాల్లోకి వచ్చింది మాత్రం మాటా పాటా లేని మూకీల కాలంలో. పాడే మనిషిని తీసుకెళ్లి మూగ సినిమాలో పెడితే ఏం లాభం? ఆమెకు అది నష్టం కాదా?

జవాబు: నష్టం కాలేదు తల్లీ. ఎందుకు కాలేదో తెలియాలంటే ముందు ఆమె ఏం పాడేదో తెలియాలి. 1888లో ఆరగాన్ ప్రాంతంలోని తారాసోనాలో పుట్టింది. అసలు పేరు ఫ్రాన్సిస్కా మార్కెస్ లోపెస్. చిన్నతనంలో బార్సిలోనాలో బట్టలు కుట్టే షాపులో పని చేసింది. 1911లో ఆ ఊళ్లోనే అర్నావ్ థియేటర్‌లో పాడిన తర్వాత పేరు మోగిపోయింది. పాడినవి కుప్లే పాటలు. అప్పటి స్పెయిన్ వెరైటీ హాళ్లలో నడిచిన చిన్న పాటలవి. మూడు నాలుగు నిమిషాల్లో ఒక మనిషి కథంతా అయిపోవాలి.

ఆమె పాటల్లో రెండింటికి మంచి పేరు. రెండూ హోసే పదియా కట్టిన వరసలే. 'ఎల్ రెలికారియో'లో ఎద్దులతో పోరాడే వీరుడొకడు ఒక పిల్లను చూసి, తన భుజం మీది వస్త్రం నేల మీద పరిచి, దాని మీద అడుగేసి నడవమంటాడు. పాట చివరికి వచ్చేసరికి వాడు ఎద్దు కొమ్ములకు బలైపోతాడు. వలపు, ఎదురుచూపు, చావు, అన్నీ ఒక్క పాటలో. ఇక 'లా వియోలెతేరా' పూలమ్మే పిల్ల పాట. ఆ పాటకు ఆమె చేత్తో పూలబుట్ట పట్టుకుని వచ్చేది, పాడుతూ పాడుతూ వయొలెట్ పూల గుత్తులు జనం మీదికి విసిరేది.

ఆమె పాత రికార్డులు ఇప్పుడు ఫోన్లోనే దొరుకుతున్నాయి, విని చూడు. పెద్ద గొంతు కాదు. మన కురుక్షేత్రం స్టేజీ మీద ఆ గొంతుతో నిలబడితే నాలుగో వరసకు కూడా వినబడదు. ఆమె బలమంతా ముఖంలో ఉంది, చేతుల్లో ఉంది, పాటకూ పాటకూ మధ్య మనిషే మారిపోవడంలో ఉంది. 1926 ఏప్రిల్‌లో న్యూయార్క్‌లో స్పానిష్‌లోనే పాడింది. అక్కడ ఆ భాష అర్థమైనవాళ్లు ఎంతమంది ఉంటారు? అయినా అదే నెల 'టైమ్' పత్రిక ఆమె బొమ్మను అట్ట మీద వేసింది. మాట తెలియని జనాన్ని కూర్చోబెట్టగలిగిన మనిషికి మాట లేని సినిమా ఒక లెక్కా!

తొలి సినిమా స్పెయిన్‌లోనే, 1919లో. అసలు పేరు తెచ్చినవి ఫ్రెంచి సినిమాలు. ఆన్రీ రూసెల్ తీసిన 'వియోలెత్ ఇంపేరియాల్' 1924లో వచ్చింది. అందులో ఆమెది సెవిల్ ఊళ్లో పూలమ్మే పిల్ల పాత్ర. స్టేజీ మీద జనం ఏ బొమ్మను ప్రేమించారో ఆ బొమ్మ చుట్టూనే కథ అల్లుకున్నారు. ఇప్పటి నిర్మాతల లెక్కలు కూడా ఇవే కదా! ఎనిమిదేళ్ల తర్వాత, 1932లో, అదే డైరెక్టర్ అదే కథను మాటలతో, పాటలతో మళ్లీ తీశాడు. హీరోయిన్ కూడా ఆమే. ఒకే పాత్రను ఒకసారి గొంతు లేకుండా, ఒకసారి గొంతుతో చేసిన నటీమణులు అరుదు. కాకపోతే తెరకు గొంతు వచ్చేసరికి ఆమెకు నలభై నాలుగు వచ్చాయి. పూలమ్మే పిల్లగా నలభై నాలుగేళ్ల మనిషిని స్టేజీ మీద జనం ఒప్పుకుంటారు. నేనే యాభై దాటాక చంద్రమతి వేశాను, ఎవరూ కిక్కురుమనలేదు. క్లోజప్ అట్లా ఒప్పుకోదు.

ఇంకో సంగతి చెప్పాలి. 1926లో జాక్ ఫెడేర్ అనే పెద్ద డైరెక్టర్ ఆమెతో 'కార్మెన్' తీశాడు. కార్మెన్ అంటే మగవాళ్లను ఆడించి వదిలేసే జిప్సీ పిల్ల. ఈమేమో ఆ పాత్రను మర్యాదగల మనిషిలా చేస్తానని పట్టుబట్టింది. ఇద్దరికీ పొసగలేదు. అభిమానులు ఏమనుకున్నా సరే, నా మొగ్గు డైరెక్టర్ వైపే. కార్మెన్‌ను పతివ్రతను చేస్తే కథలో ఇంకేం మిగులుతుంది? కానీ ఆమె పట్టుదల ఎక్కడి నుంచి వచ్చిందో నాకు బాగా తెలుసు. స్టేజీ మీద పాడే మనిషికి కాలం తన చేతిలో ఉంటుంది. నేను రాగం ఎంతసేపు లాగితే హార్మోనిస్టు అంతసేపు నా వెనకే వస్తాడు, నేను ఆపితే ఆపుతాడు. జనం వన్స్ మోర్ అంటే చచ్చిన లోహితాస్యుడు పక్కన అట్లాగే పడి ఉంటాడు, నేను మళ్లీ ఎత్తుకుంటాను. సినిమాలో కాలం ఎడిటర్ది. నువ్వు నిమిషం ఏడిస్తే వాడు ఆరు సెకన్లు ఉంచుతాడు. ఏ ఆరు సెకన్లో కూడా నిన్ను అడగడు. స్టేజీ మీద రాణిలా బతికినవాళ్లకు ఇది మింగుడుపడదు. అన్నట్టు, ఆ 'కార్మెన్'లో దొంగసరుకు రవాణా చేసేవాళ్లలో ఒకడిగా చిన్న వేషం వేసిన కుర్రాడు తర్వాత ప్రపంచం మెచ్చిన డైరెక్టర్ లూయిస్ బున్యుయెల్ అయ్యాడు.

ఆదోని నుంచి ఒక పాఠకుడు: మేడమ్, ఎక్కడో స్పెయిన్ వాళ్ల ముచ్చట్లు మాకెందుకు? మన సీమలో పాటతో స్టేజీ ఎక్కి సినిమాకు పోయినవాళ్లే లేరా?

జవాబు: కోపం దేనికి నాయనా, లేరని నేనెప్పుడన్నాను? సురభి అనే ఊరు కడప జిల్లాలోనే ఉంది. 1885లో వనారస గోవిందరావు గారు 'కీచక వధ' ఆడి మొదలుపెట్టిన సమాజానికి ఆ ఊరి పేరే నిలిచింది. ఆడవేషాలు ఆడవాళ్లే వేసిన సమాజం అది. ఆ ఇంటి నుంచి వచ్చిన సురభి కమలాబాయే మన తొలి టాకీ 'భక్త ప్రహ్లాద'లో లీలావతి. మన దగ్గర సినిమాకు నోరు వచ్చేసరికి దానికి కావలసిన గొంతులు నాటకాల్లో సిద్ధంగా ఉన్నాయి. ప్లేబ్యాక్ లేని రోజులు, సెట్ మీదే పాడాలి. పాడలేని అందగత్తె ఎంత అందంగా ఉన్నా ఇంట్లో కూర్చోవలసిందే.

కన్నాంబ పుట్టింది కడపలో. నాటకాల నుంచి 1935లో 'హరిశ్చంద్ర'తో తెరకెక్కింది, వేషం చంద్రమతి. మరుసటి ఏడు ద్రౌపది. నేను చంద్రమతి వేసిన ప్రతి రాత్రీ ఎవరో ఒక పెద్దాయన లోపలికి వచ్చి "కన్నాంబలా ఉంది" అని పోయేవాడు. పొగడ్తో వంకో తెలిసేది కాదు. ఆమెలో నాకు నచ్చింది పద్యం కంటే మాట. పద్యంలో ఎక్కడ ఊపిరి పీల్చుకోవాలో తెలిసిన మనిషి కాబట్టి, పేజీ పొడుగు డైలాగును కూడా పాదాలు విరిచినట్టు విరిచి చెప్పేది. 1954లో తమిళ 'మనోహర'లో ఆమె డైలాగులకు అరవ జనం చప్పట్లు కొట్టారు. కడపలో పుట్టిన తెలుగు గొంతు అది! సింహాద్రిపురం పద్మనాభానికి మద్రాసులో దారి చూపింది కూడా ఆమే.

ప్రొద్దుటూరువాళ్లు కినుక పడకముందే శాంతకుమారి గారి మాట కూడా చెప్తాను. ఆమెది నాటకం దారి కాదు, కచేరీ దారి. కర్ణాటక సంగీతం పద్ధతిగా నేర్చుకుని 1936లో 'శశిరేఖా పరిణయం'తో వచ్చింది. తర్వాత తల్లి వేషాల్లో స్థిరపడింది. కచేరీ నుంచి వచ్చినవాళ్లకు ఒక లాభం ఉంది. చేతులు ఎక్కువ ఊపరు. కూర్చుని పాడే అలవాటు కదా, ఒళ్లు నిలకడగా ఉంటుంది. ఆమె తల్లి వేషాల్లో ఆ నిలకడ చూడు.

స్పెయిన్‌లో ఇట్లాంటివాళ్లు చాలామందే ఉన్నారు. ఇంపేరియో అర్హెంతీనా స్టేజీ మీద పాడి ఆడిన మనిషి, 1927లో మూకీతోనే మొదలుపెట్టింది. 1934లో అదే కథను టాకీగా తీస్తే మళ్లీ చేసింది. కొంచా పికేర్ అనే వలెన్సియా గాయని సంగతి ఇంకా విచిత్రం. టాకీలు రావడానికి ముందే, 1923లో, అమెరికాలో లీ డి ఫారెస్ట్ అనే ఇంజనీరు ఆమె పాటను బొమ్మతో సహా పట్టాడు. చదువుకోవాలనుంటే ఈ పేర్లు రాసిపెట్టుకో. చదవబుద్ధి కాకపోతే కన్నాంబ సినిమా చూడు, అదీ మంచిదే.

బనగానపల్లె నుంచి ఒక యువకుడు: అమ్మా, నేను జాతరల్లో హరిశ్చంద్రుడి కాటిసీను వేస్తాను. పద్యం బాగుంటుందని పేరుంది. మా ఊరి పిల్లలు షార్ట్ ఫిల్మ్ తీస్తూ నాకు ఊరిపెద్ద వేషం ఇచ్చారు. ప్రతి షాట్‌కూ డైరెక్టర్ "అన్నా, ఓవర్‌గా ఉంది, కొంచెం తగ్గించు" అంటాడు. గొంతు తగ్గిస్తే "డల్‌గా ఉంది" అంటాడు. టెన్షన్‌తో నిద్ర పట్టడం లేదు. ఏం తగ్గించాలి?

జవాబు: ఆ పిల్లోడు "తగ్గించు" అంటున్నాడు గానీ ఏం తగ్గించాలో వాడికీ సరిగా తెలిసి ఉండదు. అందుకే నువ్వు తగ్గించినా వాడికి నచ్చడం లేదు. అసలు తేడా ఎక్కడ వస్తుందో చెప్తాను.

మొదటిది, నీ మెడ. జాతర స్టేజీ మీద నడుమ తాడుకు మైకు వేలాడుతుంటుంది. ఎవరితో మాట్లాడినా ముఖం ఆ మైకు వైపే, దాని వెనక జనం వైపే. చంద్రమతితో "దేవీ" అంటావు, చూసేది మాత్రం జనాన్ని. అది నీ ఒంటికి పట్టేసి ఉంటుంది. మన జిల్లా స్టేజీ మీద కృష్ణుడి వేషానికి పేరున్న ఒకాయన్ను సెట్ మీద చూశాను. కెమెరా ఆయన ఎడమ భుజం పక్కన ఉంది, ఎదురుగా కొడుకు వేషం కుర్రాడు నిలబడ్డాడు. డైలాగు మొదలవగానే ఆయన ఒళ్లు దానంతటదే తిరిగి, ఎవరూ లేని లైట్ స్టాండ్ వైపు చేయి చాచి చెప్పేసింది. అందరూ నవ్వారు. నాకు నవ్వు రాలేదు, ఎందుకంటే ఆ తిరగడం ముప్ఫై ఏళ్ల చదువు. నువ్వు చేయవలసింది ఒక్కటే. ఎదుటి నటుడి రెండు కళ్లలో ఒక కన్ను ఎంచుకుని దాన్నే చూడు. రెండు కళ్లనూ చూడాలని పోతే నీ చూపు అటూ ఇటూ తిరుగుతుంది, క్లోజప్‌లో అది దొంగచూపులా పడుతుంది.

రెండోది చెయ్యి. పద్యంలో గొంతు పైకి పోయేటప్పుడు మనవాళ్ల కుడిచెయ్యి కూడా పైకి లేస్తుంది. మామూలు మాటలో కూడా "ఎవడ్రా నువ్వు" అనగానే లేస్తుంది. ఇంట్లో డైలాగు చెప్పుకునేటప్పుడు చేతిలో నీళ్ల చెంబు పెట్టుకో. నీళ్లు తొణక్కుండా కోపంగా మాట్లాడటం వచ్చిందంటే సగం పని అయినట్టే.

మూడోది అసలు సమస్య, వేగం. నువ్వు గొంతు తగ్గిస్తే డల్‌గా ఉంటోందంటే, గొంతు తగ్గినా నడక మాత్రం పద్యం నడకే ఉందన్నమాట. మాట చివరి అక్షరాన్ని లాగుతున్నావు. కాటిసీనులో "చంద్రమతీ" అని పిలిచి, ఆ 'తీ' మీద ఊపిరి అయిపోయేదాకా నిలబడతాం. అదే అలవాటులో ఊరిపెద్ద "రామయ్యా" అని పిలిస్తే రామయ్య వచ్చేలోపు షాట్ అయిపోతుంది. గొంతు తగ్గించొద్దు. చివరి అక్షరం కత్తిరించు. గట్టిగా అనాల్సింది గట్టిగానే అను.

ఇంకోటి. రేపు ఎవరైనా నీ చేత సినిమాలో పద్యం చదివించాలనుకుంటే ముందు స్టూడియోలో రికార్డు చేసి, సెట్ మీద దానికి పెదాలు కలపమంటారు. నాటకాల మనిషికి ఇది నరకం. మనం ఒకే ఆలాపన రెండుసార్లు ఒకే పొడుగు లాగం కదా! ఆ రాత్రి గొంతు ఎట్లుంటే అట్లా, జనం ఎట్లుంటే అట్లా. సెట్ మీద నీ గొంతే స్పీకర్లో వస్తుంటుంది, నీ పెదాలు మాత్రం వెనకో ముందో ఉంటాయి. పరాయి గొంతుకు పెదాలు కలపడం కంటే ఇది కష్టం. ఇప్పటి నుంచే నీ పద్యాన్ని ఫోన్లో రికార్డు చేసుకుని, అద్దం ముందు దానితో పాటు పాడు. నోరు ఊరికే కదిలించకు, నిజంగా పాడు. గొంతు నరాలు లేవకపోతే కెమెరా పట్టేస్తుంది.

జాతర వేషాలు మాత్రం మానుకోకు. షార్ట్ ఫిల్మ్‌కు పెట్రోలు ఖర్చు ఇచ్చారా అసలు?

తాడిపత్రి నుంచి ఒక రిటైర్డ్ టీచర్: అమ్మా, బళ్ళారి రాఘవ గారు పుట్టింది మా ఊళ్లోనే అని పిల్లలకు చెప్తుంటాను. అంత గొప్ప నటుడు సినిమాల్లో ఎందుకు నిలవలేదు?

జవాబు: చెప్తున్నందుకు నమస్కారం సార్. 1880లో మీ తాడిపత్రిలో పుట్టి, బళ్ళారిలో వకీలుగా పేరు తెచ్చుకున్న మనిషి. ఆయన సినిమాలు నాకు తెలిసి మూడు: 1936లో 'ద్రౌపదీ మానసంరక్షణం', 1939లో 'రైతుబిడ్డ', 1940లో 'చండిక'. మొదటిది పెద్దగా ఆడలేదు. అదే ఏడు ఇంకో ద్రౌపది సినిమా వచ్చింది, కన్నాంబ చేసినది. జనం దానికే పోయారు. నాలుగేళ్లకు 'చండిక'లో ఇద్దరూ కలిసి చేశారు.

మీ ప్రశ్నలో ఒక తమాషా ఉంది సార్. తెలుగు నాటకంలో పాటను, పద్యగానాన్ని నిలబెట్టిన ధర్మవరం రామకృష్ణమాచార్యులు ఈయనకు మేనమామ. మేనమామ పాట తెచ్చాడు, మేనల్లుడు రాగాలు తగ్గించి నటన చూపించమన్నాడు. రాగం తియ్యకుండా మాటతో, ముఖంతో ఆడే ఆ పద్ధతి సినిమాకు సరిగ్గా సరిపోయేదే. కానీ ఆయన తెర మీదికి వచ్చేసరికి వయసు యాభై ఆరు, అప్పటి టాకీ జనం టికెట్టు కొనేది పాటలు వినడానికి. పదిహేను పాటలున్న సినిమాలో పాడని నటుడికి ఏం మిగులుతుంది? 'రైతుబిడ్డ' చూస్తే మీకే అర్థమవుతుంది.

గుత్తి నుంచి ఒక పాఠకుడు: చాప్లిన్ 'సిటీ లైట్స్'లో గుడ్డి పూలమ్మాయి కనబడినప్పుడు వచ్చే ట్యూన్ స్పెయిన్ పాటదని విన్నాను. నిజమా?

జవాబు: నిజం. పైన చెప్పిన 'లా వియోలెతేరా' ట్యూనే. 1931 సినిమా. సంగీతం చాప్లిన్‌ది అని వేసుకున్నారు. పదియా కోర్టుకెక్కి గెలిచాడు. ఆ పాటకు ఇంకో జన్మ కూడా ఉంది. 1957లో సారా మొంతియెల్ అనే స్పెయిన్ నటి పాత కుప్లే గాయని కథతో ఒక సినిమా చేసింది, విపరీతంగా ఆడింది. మరుసటి ఏడు ఈ పాట పేరుతోనే ఇంకో సినిమా చేసింది. ఈమెది తిరుగు దారి. ముందు సినిమా నటి, ఆ తర్వాత గాయనిగా పేరు. ఆ సినిమాలు ఆడుతున్న రోజుల్లో రాకెల్ మెల్లెర్ బతికే ఉంది. 1962లో బార్సిలోనాలో పోయింది. తన పాటకు ఇంకొకరి ముఖం అతుక్కుపోవడం కళ్లారా చూసింది.

కడప నుంచి ఒక తల్లి: అక్కా, మా పాప బాగా పాడుతుంది, పన్నెండేళ్లు. స్టేజీ ప్రోగ్రాంలో చూసి ఒకాయన సినిమాలో చైల్డ్ ఆర్టిస్టు వేషం ఇప్పిస్తానంటున్నాడు. ఫొటోషూట్‌కు, రిజిస్ట్రేషన్‌కు అని ముందుగా డబ్బు కట్టమంటున్నాడు. మా ఆయన వద్దంటున్నాడు, పాప ఏడుస్తోంది.

జవాబు: మీ ఆయన మాట వినమ్మా. వేషం ఇచ్చేవాళ్లు డబ్బు ఇస్తారు, అడగరు. నాకు తెలిసిన ఒక ఇంట్లో ఇట్లాగే గొలుసు కుదువబెట్టి కట్టారు. ఫొటోలైతే వచ్చాయి, బాగానే ఉన్నాయి, వాళ్ల హాల్లో గోడకున్నాయి. ఆ మనిషి మళ్లీ ఫోన్ చేస్తే డైరెక్టర్ పేరు, సినిమా పేరు, ఆఫీసు అడ్రసు అడుగు. "ముందు కట్టండి, తర్వాత చెప్తాం" అంటే ఫోన్ పెట్టేయి. పాపకు నేనే ఒక మాట చెప్తాను, నా నంబరు పత్రిక ఆఫీసులో తీసుకో. ఆదివారం పొద్దున చెయ్యి, మధ్యాహ్నం పడుకుంటాను.